కమిటీ సడలించిందట, మరి ఆ మాట అందరికీ ఎందుకు చెప్పలేదు?

ప్రశ్న: మేడం, నమస్తే. నేను ఒక రాష్ట్ర యూనివర్సిటీలో అసోసియేట్ ప్రొఫెసర్ పోస్టుకి అప్లై చేశాను. యూజీసీ (యూనివర్సిటీ గ్రాంట్స్ కమిషన్) 2018 రెగ్యులేషన్స్ ప్రకారం పీహెచ్‌డీ, పీజీలో 55 శాతం, 8 ఏళ్ల అనుభవం, 7 పబ్లికేషన్లు ఉండాలని నోటిఫికేషన్‌లో ఇచ్చారు. నాకు అన్నీ ఉన్నాయి, అనుభవమైతే పదేళ్లు దాటింది. ఇంటర్వ్యూకి వెళ్లాను, రాలేదు. సెలెక్ట్ అయిన ఆవిడ 2015 జూన్‌లో ఒక ప్రైవేటు కాలేజీలో చేరి, 2017 ఆగస్టు నుంచి 2020 అక్టోబరు చివరిదాకా సెలవు పెట్టి ఫెలోషిప్ మీద ఫుల్‌టైమ్ పీహెచ్‌డీ చేశారు. దరఖాస్తుకి ఆఖరి తేదీ 2024 జూన్ 30. ఆఫీసులో అడిగితే "అనుభవం కొంచెం తక్కువైనా కమిటీ సడలించింది, వాళ్లకి ఆ పవర్ ఉంటుంది" అన్నారు. 7 ఏళ్ల 4 నెలల అనుభవం ఉన్న నా ఫ్రెండ్, 8 ఏళ్లు లేవు కదా అని అసలు అప్లికేషనే పెట్టలేదు. ఇప్పుడు తను నాకంటే ఎక్కువ బాధపడుతోంది. ఆర్డర్ ఇచ్చి నెలన్నర అయింది. ఇంటర్వ్యూకి వెళ్లినవాళ్లు తర్వాత కేసు వేయకూడదని ఒకరంటారు, వేస్తే ఇక ఏ యూనివర్సిటీలోనూ రానివ్వరని ఇంకొకరంటారు. టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు. కోర్టుకి వెళ్లమంటారా?

సమాధానం: వెళ్లాలో వద్దో చెప్పే ముందు మీ ఫ్రెండ్ సంగతి చెప్తాను, ఎందుకంటే మీ కేసులో అసలు బలం అక్కడే ఉంది, ఆ విషయం మీరు గమనించినట్టు లేరు.

ఆవిడ నోటిఫికేషన్ చదివారు, 8 ఏళ్లని రాసుంది, తనకి 7 ఏళ్ల 4 నెలలు. నిజాయితీగా పక్కకి తప్పుకున్నారు. మీరు ఇచ్చిన తేదీలు లెక్కేస్తే, సెలెక్ట్ అయినావిడకి 2015 జూన్ నుంచి 2024 జూన్ దాకా మొత్తం 9 ఏళ్ల 1 నెల, అందులో పీహెచ్‌డీ సెలవు 3 ఏళ్ల 3 నెలలు తీసేస్తే మిగిలేది 5 ఏళ్ల 10 నెలలు. అంటే ఆ పోస్టు దక్కినావిడ కంటే ఏడాదిన్నర ఎక్కువ అనుభవం ఉన్న మనిషి, రూల్‌ని నమ్మి ఇంట్లో కూర్చున్నారు. "8 ఏళ్లు తప్పనిసరి కాదు, తగిన సందర్భంలో సడలిస్తాం" అని నోటిఫికేషన్‌లో ఒక్క లైను ఉండుంటే ఆవిడా అప్లై చేసేవారు, ఆవిడలాంటివాళ్లు ఇంకెందరో చేసేవారు.

ఈ మాట నేను కొత్తగా చెప్తున్నది కాదు. 1990లో సుప్రీంకోర్టు మన విజయనగరం నుంచి వెళ్లిన కేసులోనే చెప్పింది. సాంఘిక సంక్షేమ గురుకుల పాఠశాలలో టీచర్ పోస్టు, పీజీలో కనీసం సెకండ్ క్లాస్ అడిగారు, ఆర్డర్ అందుకున్నావిడకి థర్డ్ క్లాస్. చేరడానికి వెళ్లిన రోజు సర్టిఫికెట్లు చూసి చేర్చుకోలేదు, అక్కణ్ణుంచి గొడవ మొదలైంది. అప్పుడు కోర్టు అన్నది ఏమిటంటే, ప్రకటనలో ఒక అర్హత అడిగి అది లేనివాళ్లని వేసుకుంటే అది ఉద్యోగం ఇచ్చినవాళ్లకీ పుచ్చుకున్నవాళ్లకీ మధ్య వ్యవహారం మాత్రమే కాదు, అంతే అర్హత గానీ అంతకంటే మెరుగైన అర్హత గానీ ఉండి, ప్రకటన చూసి మనకి రాదులే అని అప్లై చేయనివాళ్లందరికీ అన్యాయం జరిగినట్టే. అర్హతలు సడలించే వీలుందని ముందే స్పష్టంగా చెప్తే తప్ప అలా చేయడం ప్రజలని మోసగించడం కిందికే వస్తుందని గట్టిగానే అంది. సర్వీసు కేసుల్లో ఈ తీర్పుని ఇప్పటికీ చూపిస్తుంటారు.

ఇక మీ మొదటి అనుమానం, కమిటీకి పవర్ ఉంటుందా అని. ఆఫీసులో ఆ మాట చెప్పినాయన బహుశా నిజంగానే అలా అనుకుంటూ ఉండొచ్చు, చాలామంది అలాగే అనుకుంటారు. సెలెక్షన్ కమిటీ పని వచ్చినవాళ్లలో ఎవరు బాగున్నారో తేల్చడం. ఎవరు లోపలికి రావచ్చో నిర్ణయించేది రూల్, నోటిఫికేషన్. ఈ రెండూ కలిపేస్తేనే చిక్కు.

దీని మీద యూనివర్సిటీలకే సంబంధించిన తీర్పు 1993లో రాజస్థాన్ యూనివర్సిటీ కేసులో వచ్చింది. అసిస్టెంట్ ప్రొఫెసర్ల నియామకాల్లో కొందరికి అర్హతలు సడలించారన్న వివాదం అది. సుప్రీంకోర్టు ఇకముందు యూనివర్సిటీలన్నీ ఎలా నడుచుకోవాలో వరసపెట్టి చెప్పింది. మీరు ప్రకటించే అర్హతలు మీ ఆర్డినెన్సులకి, అంటే యూనివర్సిటీ సొంత నిబంధనలకి, తేడాగా ఉండకూడదు. అభ్యర్థికి అర్హత దరఖాస్తుకి ఆఖరి తేదీ నాటికే ఉండాలి, ఇంటర్వ్యూ రోజుకి కాదు. కనీస అర్హత సడలించాలంటే, సడలిస్తామన్న సంగతీ ఏ షరతుల మీద సడలిస్తామన్న సంగతీ రెండూ ప్రకటనలో ఉండాలి, లేకపోతే ఆ సడలింపు చెల్లదు. సడలించిన ప్రతి అభ్యర్థికీ విడివిడిగా, ఎందుకు సడలించామో కమిటీ తన ప్రొసీడింగ్స్‌లో రాయాలి. ఆ మినిట్స్, అంటే సమావేశంలో రాసిన రికార్డు, చాలాకాలం భద్రపరచాలి, కేసు నడుస్తుంటే అది తేలేదాకా ఉంచాలి, చింపేశామనో దొరకడం లేదనో అంటే కోర్టు దాన్ని యూనివర్సిటీకి వ్యతిరేకంగానే తీసుకోవచ్చు. మీ లాయరు దగ్గరికి వెళ్లేటప్పుడు వేరే ఏ తీర్పు గుర్తున్నా లేకపోయినా ఇది మాత్రం అడగండి.

కానీ అదే కేసులో జరిగిన ఇంకో విషయం కూడా మీకు చెప్పి తీరాలి. అంత చెప్పిన కోర్టు, అప్పటికే ఏళ్ల తరబడి పనిచేస్తున్నవాళ్లని మాత్రం ఉద్యోగాల్లోంచి తీసేయలేదు. కేసు వేసినవాళ్ల వాదన నెగ్గింది, పోస్టులు మాత్రం అవతలివాళ్ల దగ్గరే ఉండిపోయాయి. అందుకే మీ లెటర్‌లో నాకు అన్నింటికంటే ముఖ్యంగా కనిపించింది "నెలన్నర అయింది" అన్న మాట. వెళ్లేదుంటే ఇప్పుడే వెళ్లాలి. రెండేళ్లు ఆలోచించి వెళ్తే చట్టం మీ వైపున్నా ఆవిడ అప్పటికి క్లాసులు చెప్తూ, స్కాలర్లని గైడ్ చేస్తూ పాతుకుపోయి ఉంటారు, కోర్టుకి ఆవిడని కదపబుద్ధి కాదు.

అలీగఢ్ ముస్లిం యూనివర్సిటీ కేసు ఇంకా దగ్గరగా ఉంటుంది. పాలిటెక్నిక్‌లో కెమిస్ట్రీ లెక్చరర్ పోస్టు, కెమిస్ట్రీలో పీజీ అడిగారు, కమిటీ మాత్రం ఇండస్ట్రియల్ కెమిస్ట్రీ చదివినవాళ్లయితే ఇక్కడికి బాగా పనికొస్తారని ఆ అభ్యర్థిని ఎంచుకుంది. ఆ ఆలోచనలో చెడు ఏమీ లేదు, నిజంగానే పనికొస్తారేమో కూడా. అయినా 2009లో సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. ఆ సంగతి ముందే ప్రకటనలో ఉండుంటే ఇండస్ట్రియల్ కెమిస్ట్రీ చదివిన మిగతావాళ్లు కూడా వచ్చేవాళ్లు కదా, ఇంటర్వ్యూ గదిలో కూర్చుని అర్హత మార్చే హక్కు కమిటీకి ఎక్కడిది అంది. చూశారా, మళ్లీ తిరిగి మీ ఫ్రెండ్ దగ్గరికే వచ్చాం.

2011లో అస్సాం పబ్లిక్ సర్వీస్ కమిషన్ కేసులో కూడా ఇదే దారి. సడలించే అధికారం రూల్స్‌లో ఉన్నా సరే, ఆ సంగతి ప్రకటనలో ఉండాలి, సడలిస్తే దానికి తగినంత ప్రచారం ఇవ్వాలి, లేకపోతే 14, 16 అధికరణాలు చెప్పే సమానత్వం దెబ్బతింటుందన్నారు. 2024 నవంబరులో అయిదుగురు జడ్జీల ధర్మాసనం, నియామక ప్రక్రియ మొదలయ్యాక అర్హత నియమాలు మధ్యలో మార్చకూడదని, రూల్స్ గానీ ప్రకటన గానీ అనుమతిస్తేనే మార్చాలని, అప్పుడు కూడా ఆ మార్పు ఏకపక్షంగా ఉండకూడదని తేల్చి చెప్పింది. కాబట్టి చట్టం విషయంలో మీరు అటూ ఇటూ ఊగాల్సిన పని లేదు.

సడలింపే తప్పని మాత్రం నేను అనను. పీజీ మార్కుల్లో ఎస్సీ, ఎస్టీ, ఓబీసీ నాన్ క్రీమీలేయర్, దివ్యాంగ అభ్యర్థులకి 5 శాతం సడలింపు ఉంది, 1991 సెప్టెంబరు 19కి ముందు పీజీ పూర్తిచేసిన పీహెచ్‌డీ వాళ్లకి కూడా ఉంది. సంగీతం, నాట్యం లాంటి సబ్జెక్టుల్లో పేరున్న కళాకారులకి 2018 రెగ్యులేషన్స్‌లోనే వేరే దారి పెట్టారు. యూనివర్సిటీ డిపార్ట్‌మెంట్లలో అసిస్టెంట్ ప్రొఫెసర్‌కి పీహెచ్‌డీ తప్పనిసరి అన్న నిబంధనని మొదట వాయిదా వేసి, చివరికి 2023 జూన్ 30న యూజీసీయే ఎత్తేసి, నెట్, సెట్, స్లెట్ అనే అర్హత పరీక్షలని కనీస అర్హతగా ఉంచింది. నచ్చినవాళ్లున్నారు, నచ్చనివాళ్లున్నారు, కానీ అది రాతపూర్వకంగా అందరికీ తెలిసేలా, అందరికీ ఒకేలా జరిగింది. మీ కేసులో జరిగింది దానికి పూర్తిగా వేరు, లోపల నలుగురికి తెలిసి బయట ఎవరికీ తెలియకుండా జరిగిన సడలింపు. నాకు కోపం వచ్చేది ఇక్కడే. ఈ చదువుల్లో ఒక్కో ఏడాది అనుభవం కోసం ఎంతమంది చాలీచాలని జీతాలకి, ఎప్పుడు పోతుందో తెలియని కాంట్రాక్టులకి ఓర్చుకుని నెట్టుకొస్తున్నారో ఆ కమిటీలో కూర్చున్న పెద్దలకి తెలియనిది కాదు.

ఇప్పుడు మీ కేసులో కష్టమైన చోటుకి వద్దాం. ఇది మీకు ఎవరూ చెప్పి ఉండరు.

ఆఫీసులో "సడలించారు" అని నోటితో అన్నారు. రేపు కోర్టులో కౌంటర్, అంటే మీ పిటిషన్‌కి జవాబు, వేసేటప్పుడు యూనివర్సిటీ ఆ మాట అనకపోవచ్చు. "మేం ఏమీ సడలించలేదు, ఆవిడ పీహెచ్‌డీ కాలాన్ని కూడా అనుభవంగా లెక్కించాం, కాబట్టి 9 ఏళ్లు ఉన్నాయి" అనొచ్చు. అప్పుడు గొడవ సడలింపు నుంచి లెక్కింపుకి మారిపోతుంది, అది వేరే కేసు. 2018 రెగ్యులేషన్స్‌లో ఎంఫిల్, పీహెచ్‌డీ చేయడానికి పట్టిన కాలాన్ని బోధన, పరిశోధన అనుభవంగా తీసుకోకూడదని ఉంది, ఏ రకమైన సెలవూ పెట్టకుండా పాఠాలు చెప్తూనే పరిశోధన చేసి ఉంటే ఆ సర్వీసు లెక్కకొస్తుందని కూడా ఉంది. ఈవిడ సెలవు పెట్టారు కాబట్టి పైకి చూస్తే మీకు తేలిగ్గానే కనిపిస్తుంది. కానీ కేరళలో కన్నూర్ యూనివర్సిటీ అసోసియేట్ ప్రొఫెసర్ నియామకంలో అచ్చంగా ఇలాంటి ప్రశ్నే వచ్చింది, ఉద్యోగంలో ఉంటూ ఫ్యాకల్టీ డెవలప్‌మెంట్ ప్రోగ్రామ్ కింద పీహెచ్‌డీకి వెళ్లిన కాలం లెక్కకి వస్తుందా రాదా అని. 2022 నవంబరులో హైకోర్టు సింగిల్ జడ్జి రాదన్నారు, 2023 జూన్‌లో అదే హైకోర్టు డివిజన్ బెంచ్ ఆ తీర్పు తిరగేసి అభ్యర్థి వైపు నిలబడింది. కాబట్టి ఆవిడ పెట్టిన సెలవు ఏ రకందో, జీతంతో పెట్టిందో జీతం లేకుండా పెట్టిందో, కాలేజీ పంపించిందో తనంతట తాను వెళ్లారో, ఇవన్నీ లెక్కలోకి వస్తాయి. ఇవి తెలియకుండా "5 ఏళ్ల 10 నెలలే" అని పిటిషన్‌లో రాసేస్తే మొదటి వాయిదాలోనే తడబడతారు.

అలాగే ప్రైవేటు కాలేజీలో ఆవిడ సర్వీసు ఎలాంటిదో కూడా చూడాలి. అది కాంట్రాక్టు, తాత్కాలిక సర్వీసు అయితే 2018 రెగ్యులేషన్స్ ప్రకారం కొన్ని షరతులున్నాయి. అప్పటికే ఆ పోస్టుకి కావలసిన కనీస అర్హత ఉండాలి, సరైన సెలెక్షన్ కమిటీ ద్వారా చేరి ఉండాలి, రెగ్యులర్ అసిస్టెంట్ ప్రొఫెసర్‌కి వచ్చే నెల జీతానికి తగ్గకుండా ఇచ్చి ఉండాలి. ఈ మూడో షరతు దగ్గర చాలామంది అనుభవం రాలిపోతుంది. మీ సర్వీసు కూడా ఒకసారి ఇదే గీటుతో చూసుకోండి, దయచేసి. అవతలి లాయరు మొదట చేసే పని మీ పదేళ్లని తవ్వడమే. మీకే అర్హత లేదని తేలితే మీ పిటిషన్ నడక కష్టమవుతుంది.

అందుకని కేసు కంటే ముందు కాగితాలు. ఆర్టీఐ కింద పది రూపాయల ఫీజుతో యూనివర్సిటీ సమాచార అధికారికి ఈ వారమే దరఖాస్తు పెట్టండి. ఆ పోస్టుకి స్క్రీనింగ్ కమిటీ తయారుచేసిన పట్టిక, అందులో అనుభవం కాలమ్‌లో సెలెక్ట్ అయిన అభ్యర్థికి ఎన్నేళ్లు ఎన్ని నెలలు వేశారో, పక్కన రిమార్క్స్‌లో ఏం రాశారో అడగండి. ఆ పట్టికలో ఆ ఒక్క గడి మీ కేసుకి ప్రాణం. అక్కడ "5 ఏళ్ల 10 నెలలు, సడలించి అనుమతించాం" అని ఉంటే ఒక కథ, "9 ఏళ్లు" అని ఉంటే ఇంకో కథ, ఖాళీగా వదిలేసి పక్కన ఉత్త టిక్కు పెట్టి ఉంటే అది మీకు మరీ మంచిది. సెలెక్షన్ కమిటీ మినిట్స్, దాన్ని ఆమోదించిన పాలక మండలి తీర్మానం, సడలించే అధికారం ఇచ్చే ఆర్డినెన్స్ గానీ రూల్ గానీ ఉంటే దాని నకలు, మీ సొంత మార్కులు, ఇవీ అడగండి. ఆవిడ ఆధార్, ఇంటి అడ్రసు లాంటివి జోలికి పోకండి, వాటిని సాకుగా పెట్టుకుని మొత్తం దరఖాస్తునే వ్యక్తిగత సమాచారమని తిప్పి పంపుతారు. 30 రోజుల్లో జవాబు రావాలి, రాకపోతే మొదటి అప్పీలు. మినిట్స్ ఇవ్వకపోయినా కంగారు పడొద్దు, హైకోర్టులో వేసే రిట్ పిటిషన్‌లో రికార్డు మొత్తం తెప్పించమని కోర్టుని అడగవచ్చు.

ఈ కాగితాలు ముందే ఎందుకంటే, 1977లో ఒక ఎన్నికల కేసులో సుప్రీంకోర్టు చెప్పిన సూత్రం ఒకటుంది, అధికారి ఇచ్చిన ఉత్తర్వుని అందులో ఉన్న కారణాలని బట్టే చూడాలి, తర్వాత అఫిడవిట్‌లో కొత్త కారణాలు అతికించి దాన్ని నిలబెట్టకూడదని. మినిట్స్‌లో కారణం లేదని ముందే మీ చేతిలో కాగితం ఉంటే, కౌంటర్‌లో ఎంత అందమైన కారణం అల్లినా అది ఆలస్యంగా పుట్టిందని చూపించవచ్చు.

దానితోపాటే రిజిస్ట్రార్‌కి ఒక చిన్న రిప్రజెంటేషన్ రిజిస్టర్డ్ పోస్టులో పంపండి, వీసీకి నకలు. ఒక పేజీ దాటొద్దు. ఫలానా నోటిఫికేషన్‌లో ఫలానా అర్హత ఉంది, ఎంపికైన అభ్యర్థికి అది లేనట్టు తెలుస్తోంది, ఏ నిబంధన కింద సడలించారో తెలపండి, నియామకాన్ని పునఃపరిశీలించండి, అంతే. పైరవీలు, కులం, డబ్బు, ఇలాంటివేవీ రాయొద్దు, రుజువు లేనివి ఒక్కటి రాసినా ఉన్న బలం పోతుంది. రెండు వారాలు చూడండి. జవాబు రాలేదని మళ్లీ మళ్లీ ఉత్తరాలు రాస్తూ ఏడాది గడిపేవాళ్లని చాలామందిని చూశాను. రిప్రజెంటేషన్ పెట్టినంత మాత్రాన ఆలస్యం మాఫీ కాదు.

నోటిఫికేషన్, దానికి తర్వాత ఇచ్చిన సవరణలు, అభ్యర్థులకి ఇచ్చిన సూచనలు అన్నీ వెబ్‌సైట్ నుంచి ఇప్పుడే దించుకుని దాచండి. ఆ సూచనల్లో చివరెక్కడో "అర్హుల విషయంలో సడలించే హక్కు యూనివర్సిటీకి ఉంది" అన్న లైను ఉందేమో భూతద్దం పెట్టి వెతకండి. ఉంటే నాకు చెప్పిన కథ మారుతుంది. మారినా మొత్తం పోదు, షరతులు చెప్పారా, కారణం రాశారా అన్న ప్రశ్నలు మిగిలే ఉంటాయి.

ఇంటర్వ్యూకి వెళ్లినవాళ్లు కేసు వేయకూడదన్న మాట సగం నిజం. 1976లో లక్నో యూనివర్సిటీ కేసులో, కమిటీ సభ్యులకి పక్షపాతం ఉందని తెలిసి కూడా మాట్లాడకుండా ఇంటర్వ్యూకి కూర్చుని, రాలేదు కాబట్టి ఇప్పుడు అంటున్నారని సుప్రీంకోర్టు వినలేదు. కమిటీలో ఫలానా ఎక్స్‌పర్ట్ ఉన్నారనో, ఇంటర్వ్యూకి మార్కులు ఎక్కువ పెట్టారనో మీరు ఇప్పుడంటే అదే జవాబు వస్తుంది. కానీ అర్హత లేనివాళ్లని ఎంచుకున్నారన్నది ఇంటర్వ్యూ రోజున మీకు తెలిసే అవకాశమే లేదు. 2019లో బిహార్ డాక్టర్ల నియామకాల కేసులో, ప్రక్రియలో పాల్గొన్నవాళ్లు ఆ పద్ధతిని ఒప్పుకున్నట్టే గానీ అందులో జరిగిన చట్టవిరుద్ధమైన పనిని ఒప్పుకున్నట్టు కాదని సుప్రీంకోర్టు చెప్పింది. కాబట్టి పిటిషన్‌ని సడలింపు ఒక్కదాని మీదే నిలబెట్టండి. నాకు మార్కులు తక్కువ వేశారు, నేనే గొప్ప అన్న వాదన కలపకండి. 1963లో మైసూర్ యూనివర్సిటీ రీడర్ పోస్టు కేసు నుంచీ కోర్టులు ఒకటే అంటున్నాయి, విద్యావేత్తలు ఎవరు మెరుగని తేలిస్తే మేం మా అభిప్రాయం రుద్దం అని. ఆ గోడకి తల బాదుకోవద్దు.

యూజీసీ నిబంధనలు రాష్ట్ర యూనివర్సిటీలకి వర్తించవని యూనివర్సిటీ అనొచ్చు. 2015లో మదురై కామరాజ్ యూనివర్సిటీ కేసులో రాష్ట్రం స్వీకరిస్తేనే వర్తిస్తాయన్నారు, 2022లో గుజరాత్, కేరళ వీసీల కేసుల్లో రాష్ట్ర చట్టం కంటే యూజీసీ రెగ్యులేషన్సే పైన అన్నారు. మీకు ఆ చర్చ అంత అవసరం లేదు, యూనివర్సిటీ తానే 2018 రెగ్యులేషన్స్ ప్రకారం అని నోటిఫికేషన్‌లో రాసుకుంది కదా, రాసుకున్నదానికి కట్టుబడాలి.

హైకోర్టులో 226 అధికరణం కింద రిట్ వేస్తారు. సెలెక్ట్ అయినావిడని తప్పనిసరిగా ప్రతివాదిగా చేర్చాలి, ఆవిడ మీద జాలితోనో భయంతోనో చేర్చకపోతే ఆ కారణంతోనే పిటిషన్ కొట్టేస్తారు. మొదటి రోజే స్టే వస్తుందని ఆశ పెట్టుకోకండి, ఆవిడ చేరిపోయి ఉంటే సాధారణంగా ఇవ్వరు. "ఈ నియామకం తుది తీర్పుకి లోబడి ఉంటుంది" అన్న మధ్యంతర ఉత్తర్వు మాత్రం గట్టిగా అడగమని మీ లాయరుకి చెప్పండి. అది ఉంటే రేపు ఇన్నేళ్లు పనిచేశాను, జాలి చూపండి అన్న వాదనకి బలం తగ్గుతుంది.

గెలిస్తే పోస్టు మీకే వస్తుందా అంటే, గ్యారంటీ లేదు. మెరిట్ జాబితాలో మీరు రెండో స్థానంలో ఉండి, వెయిటింగ్ లిస్టు పెట్టే పద్ధతి ఆ యూనివర్సిటీలో ఉంటే రావచ్చు. లేకపోతే కోర్టు ఆ నియామకం రద్దు చేసి మళ్లీ ఎంపిక చేయమంటుంది, మళ్లీ నోటిఫికేషన్ ఇవ్వమన్నా అనొచ్చు. ఇక్కడే మీకూ మీ ఫ్రెండ్‌కీ దారులు వేరవుతాయి. ఉన్న జాబితాలోంచి పోస్టు నింపితే మీకు లాభం. సడలింపు సంగతి చెప్పి మళ్లీ నోటిఫికేషన్ ఇస్తే ఆవిడకి లాభం, అప్పుడు మీ ఇద్దరూ పోటీదారులు. స్నేహం బాగుండాలంటే ఈ మాట ఇద్దరూ కూర్చుని ముందే మాట్లాడుకోండి. నా సలహా, ఒకే పిటిషన్‌లో ఇద్దరూ చేరకుండా విడివిడిగా వేయండి, కలిపి వినమని అడగవచ్చు. ఆవిడకి హక్కు లేదని ఎవరైనా అంటే విజయనగరం తీర్పు ఉంది. ఏ హక్కుతో ఈ పదవిలో ఉన్నారని నిలదీసే కో వారంటో దారి కూడా ఉంది, దానికి అభ్యర్థి అయి ఉండక్కర్లేదు, చట్టబద్ధమైన నిబంధన ఉల్లంఘన జరిగిందని చూపిస్తే చాలు. కానీ అందులో పోస్టు ఖాళీ అవుతుంది తప్ప మీకు రాదు.

పేరు పాడవుతుందన్న భయాన్ని నేను కొట్టిపారేయను. సబ్జెక్టులో ఎక్స్‌పర్టులు చాలా కొద్దిమంది, వాళ్లే ఈ యూనివర్సిటీలో, ఆ యూనివర్సిటీలో ఇంటర్వ్యూ బోర్డుల్లో కనిపిస్తారు. కేసు వేసిన అమ్మాయి అని గుర్తుపెట్టుకునేవాళ్లు ఒకరిద్దరు ఉంటారు. కానీ కేసు ఎలా వేశారన్నదాన్ని బట్టి కూడా ఉంటుంది. సెలెక్ట్ అయినావిడ బహుశా తన అప్లికేషన్‌లో తేదీలు నిజమే రాసి ఉంటారు, చూసీచూడనట్టు వదిలింది యూనివర్సిటీ. అలాంటప్పుడు ఆవిడ గురించి పిటిషన్‌లో ఒక్క చెడ్డమాట అక్కర్లేదు, వాట్సాప్ గ్రూపుల్లో అసలే వద్దు. తప్పుడు సర్టిఫికెట్ పెట్టారని తేలితే అది పూర్తిగా వేరే కేసు, దానికి వేరే రుజువు కావాలి. యూనివర్సిటీ నిర్ణయం మీద మర్యాదగా, కాగితాలతో పోరాడినవాళ్లని తర్వాత అదే యూనివర్సిటీలో తీసుకున్న సందర్భాలు నాకు తెలుసు, కేసు గెలవకపోయినా.

కాబట్టి, నన్నడిగితే వెళ్లమనే చెప్తాను, రెండు షరతులతో. మీ సొంత పదేళ్ల అనుభవం ఆ మూడు షరతుల గీటుకి నిలబడాలి. ఆర్టీఐ జవాబులోనో, కనీసం రిజిస్ట్రార్ జవాబులోనో సడలించిన సంగతి గానీ, కారణం రాయలేదన్న సంగతి గానీ కాగితం మీద కనిపించాలి. 30 రోజుల గడువు అయ్యేదాకా ఖాళీగా కూర్చోకుండా సర్వీసు కేసులు చూసే లాయరుని ఈలోపే కలిసి, డ్రాఫ్టు సిద్ధం చేయించి పెట్టుకోండి, ఆంధ్రప్రదేశ్ అయితే అమరావతి, తెలంగాణ అయితే హైదరాబాద్. జవాబు రాకపోయినా, తప్పించుకునే జవాబు వచ్చినా, ఇక రెండో షరతు కోసం ఆగకుండా రికార్డులు తెప్పించమన్న అభ్యర్థనతో వేసేయండి, మూడో నెల దాటనివ్వకండి. ఈలోపు ఇంకో యూనివర్సిటీ నోటిఫికేషన్ ఏదైనా వస్తే అప్లై చేయడం మానొద్దు, మీ ఫ్రెండ్‌కీ అదే చెప్పండి, ఈసారి నెలలు తక్కువైతే సడలింపు ఉందా లేదా అని రిజిస్ట్రార్‌కి రాసి అడిగి, ఆ జవాబు దాచుకుని మరీ అప్లై చేయమనండి.